లాచిన్ గాజీ కర్ర కత్తి

కాయాబునార్,
12 మార్చి 1993.

మెస్తాన్ అన్నయ్యకి,

సలాం. ఉత్తరం సలాంతో మొదలుపెట్టాలని నాన్న నేర్పాడు కాబట్టి రాశాను. ఇందులో నీకు దొరికే మర్యాద అంతవరకే.

మొన్న మన పక్కింటి సెవ్దియె బుర్సాలో కూతుర్ని చూసి వచ్చింది. సంచిలోంచి సబ్బులు తీసింది, కండువాలు తీసింది, చివర్న మీ వలస సంఘం అచ్చేయించిన రంగుల పుస్తకం తీసింది. "చూడవే దుర్దానే, మీ అన్న ఎంత పెద్దమనిషయ్యాడో!" అంటూ నా ఒళ్ళో పడేసింది. చూశాను. తొమ్మిదో పేజీలో అద్దాల పెట్టె. అందులో ఎర్ర మఖమలు గుడ్డ. దాని మీద కత్తి. కింద పెద్ద అక్షరాలతో "లాచిన్ గాజీ యుద్ధాల్లో ధరించిన ఖడ్గం, 1388" అని ఉంది.

అన్నయ్యా, అది నాన్న చెక్కిన కత్తి. 1984 వసంతంలో మన పెరట్లో, కోళ్ళగూడు పక్కన కూర్చుని కిజిల్ చెట్టు కొమ్మతో చెక్కాడు. పిడికి రెండు వేళ్ళ కింద గంటు ఉంది చూడు. అక్కడే చాకు జారి నాన్న బొటనవేలు తెగింది. దాని మీద పొగాకు పొడి అద్ది కట్టు కట్టింది నేను. ఆరువందల ఏళ్ళనాటి యుద్ధంలో పడిన గంటు కాదది.

1985లో మన గాజీ దర్గాకి వేసిన సీలు 1990లో తీసినప్పుడు లోపల గోడకి మేకు ఒక్కటే ఉంది, కత్తి లేదు. సీలు వేసిన సార్జెంటే కాల్చేశాడనుకున్నాను. మూడేళ్ళుగా వాణ్ణి తిట్టని రోజు లేదు. పోయినేడు వాడికి పక్షవాతం వస్తే నా ఉసురే తగిలిందనుకున్నాను కూడా. ఇప్పుడు వాడి మంచం దగ్గరికి వెళ్ళి ఏమని చెప్పమంటావు? తీసింది మా అన్న, తిట్లు తిన్నది నువ్వు, సరిపెట్టుకో అననా?

దర్గా చూసుకునే ముజావరు కొడుకువి, నీకు ఇది చెప్పాల్సి రావడం సిగ్గుచేటు. గాజీ మూడు నెలలు కోటని ముట్టడించాడు. ఆకలికి తాళలేక ఒక ఆడమనిషి ఖాళీ గుండిగ మోసుకుంటూ బయటికొచ్చి ఆయన ముందు పెట్టింది. "మమ్మల్ని చంపెయ్యి, లేదా ఇది నింపు" అంది. ఆయన ఉక్కు కత్తిని బావిలో పారేసి, తన సైన్యం గొర్రెల్ని కోయించి గుండిగ నింపాడు. ఆ తర్వాత చచ్చేదాకా నడుముకి కర్ర కత్తే కట్టుకున్నాడు. దాన్ని కూడా ఏటా ఆ రోజున విరిచి పొయ్యిలో పెట్టి కొత్తది చెక్కుకునేవాడు. దాచుకుంటే కర్ర కత్తి మీదైనా మోజు పుడుతుందని ఆయన భయం.

అందుకే కదా మనం ఏటా మే ఆరున పాత కత్తిని కాల్చేది. పై పేట నుంచి మన కత్తి, కింది పేట బల్గేరియన్ల నుంచి వాళ్ళ రాగి గుండిగ. మనకి అది హిద్రెల్లెజ్, వాళ్ళకి గెర్గి పండుగ, వంట ఒక్కటే. పాతది కాలితే గానీ కొత్తది మేకుకి తగిలించకూడదు. నువ్వు ఎత్తుకుపోయిన దానివల్ల ఇక్కడ పొయ్యి వెలగడం లేదు.

మే ఆరులోపు పంపించు.

దుర్దానె

బుర్సా,
4 ఏప్రిల్ 1993.

చెల్లి దుర్దానెకి,

సలాం. నీ ఉత్తరం చదివి మీ వదిన ఏడ్చింది. నేను ఏడవలేదు, నాకు ఒళ్ళు మండింది.

నేను దొంగతనం చేయలేదు, కాపాడాను. 1989లో ఊళ్ళకి ఊళ్ళే మూటలు కట్టుకుని సరిహద్దు దాటి టర్కీకి పోతుంటే, ఆ దర్గా రేపు ఉంటుందో కూలుస్తారో ఎవరికి తెలుసు? గంటు సంగతి అంటావా, నువ్వు చూసింది ఫోటో. ఫోటోలో అన్ని గంట్లూ ఒకలాగే కనిపిస్తాయి. యూనివర్సిటీ నుంచి ఒకాయన వచ్చి చూసి ఇది చాలా పాతదని చెప్పాడు. ఆయన కన్నా నీకు ఎక్కువ తెలుసా?

పద్దెనిమిదేళ్ళు చరిత్ర పాఠం చెప్పినవాణ్ణి, నాకు గాజీ గురించి చెబుతున్నావు. లాచిన్ గాజీ నాలుగువేల గుర్రాలకి నాయకుడు. ఏడు కోటలు గెలిచాడు. వాగు అవతల మూడు ఊళ్ళు తగలబెట్టించాడు. సైన్యం నడిపినవాడు చేసే పనులన్నీ చేశాడు. మీరంతా కలిసి ఆయన్ని వంటవాణ్ణి చేసి కూర్చోబెట్టారు.

ఇక్కడ మా బతుకు నీకేం తెలుసు? అక్కడ టర్కులమని మన పేర్లు మార్చారు. ఇక్కడ బజారుకెళ్తే "ఏం బల్గారూ, టమాటాలు కావాలా?" అంటారు. నేను నూలు మిల్లు గేటు దగ్గర నిలబడి లారీల నంబర్లు రాసుకుంటున్నాను. ఆదివారం సంఘం హాల్లోకి అడుగుపెడితే మాత్రం జనం లేచి నిలబడతారు, ఆ కత్తి ముందు టోపీలు తీస్తారు. మేమూ ఒకరికి పుట్టినవాళ్ళమే అని చెప్పుకోవడానికి మాకు అదొక్కటే ఉంది. దాన్ని పొయ్యిలో పెడతావా?

ఇంకో మాట. ముజావరు పదవి కొడుకుది. నాన్న తాళంచెవి నీ చేతికిచ్చింది నేను దగ్గర లేనందుకే. పొగాకు గుచ్చుకునేదానివి, ఆ పని చూసుకో.

మెస్తాన్

కాయాబునార్,
9 మే 1993.

పొగాకు గుచ్చుకునే దుర్దానె చరిత్ర మాస్టారు మెస్తాన్‌కి రాస్తున్న ఉత్తరం.

నువ్వు దగ్గర లేవా? నాన్న పోయినప్పుడు నువ్వు రెండు వీధుల అవతలే ఉన్నావు. తాళంచెవి నా చేతికెందుకొచ్చిందో ఒంటరిగా కూర్చుని ఆలోచించుకో.

ఇక్కడ మే ఆరు ఎలా గడిచిందో చెబుతాను, మీ పుస్తకంలో వేసుకో. పొద్దున్నే కింది పేట నుంచి పెనా అవ్వ బండి కట్టుకుని వచ్చింది. బండిలో గుండిగ. ఎనభై రెండేళ్ళ మనిషి, దాన్ని బూడిదతో రుద్ది రుద్ది అద్దంలా చేసింది. ఏటా రుద్దుతుంది, ఏటా తెస్తుంది, ఏటా ఖాళీగా తీసుకెళ్తుంది. ఈసారి కత్తి దొరికిందని సెవ్దియె ఊరంతా చాటింది కాబట్టి పెనా అవ్వ గోధుమలు కూడా దంచుకొచ్చింది.

"ఏదే కత్తి?" అంది బండి దిగుతూనే.

"రాలేదవ్వా. మా అన్న పంపలేదు."

"ఎందుకు పంపలేదు? పోస్టు ఖర్చులు లేవా?"

"అది గాజీ అసలు కత్తి అంటున్నాడు. అద్దాల పెట్టెలో పెట్టుకున్నాడు."

అవ్వ పగలబడి నవ్వింది. "మీ నాన్న చెక్కినదా? పొయ్యిలో పెట్టే కర్రకి మఖమలు పక్కా? ఆ పుస్తకంలో ఇంకేం రాశాడో చదవవే."

వద్దంటే వినలేదు. చదివాను. నువ్వు పదకొండో పేజీలో రాసింది, "కోటలో ఒక్క ప్రాణిని కూడా గాజీ విడిచిపెట్టలేదు" అని. చుట్టూ పై పేటవాళ్ళూ కింది పేటవాళ్ళూ అరవైమంది ఉన్నారు. పెనా అవ్వ నవ్వు ఆగిపోయింది.

"ఒక్కరినీ వదల్లేదా? మరి మేమెక్కణ్ణుంచి వచ్చామే?" అంది.

నాకు తల ఎక్కడ పెట్టుకోవాలో తెలియలేదు అన్నయ్యా. గుండిగ తెచ్చినావిడ పెద్దమ్మాయి వంశం వాళ్ళదని ఊళ్ళో పసిపిల్లల్ని అడిగినా చెబుతారు. అవ్వ గోధుమలు కోళ్ళకి పోసి, బండెక్కి వెళ్ళిపోయింది. కింది పేట కుర్రాళ్ళు ఇద్దరు వెళ్తూ వెళ్తూ దర్గా గుమ్మం మీద ఉమ్మారు. ఇన్నేళ్ళలో సార్జెంటు కూడా ఆ పని చేయలేదు. వాళ్ళ మీద అరిచి, నీళ్ళు తెచ్చి నేనే కడిగాను. అరిచింది వాళ్ళ మీదే గానీ నా కోపమంతా నీ మీదే.

కత్తి పంపు. లేకపోతే మీ సంఘం ప్రెసిడెంటుకి రాస్తాను. కత్తి గురించే కాదు, 1985 ఫిబ్రవరి పేపరు గురించి కూడా. ఆ పేపరు నా దగ్గర ఉంది.

దుర్దానె

బుర్సా,
2 జూన్ 1993.

దుర్దానెకి,

ఏ పేపరు? ఆ ఏడాది దేశమంతా పేపర్లే. అందరూ ఏదో ఒకదాని మీద సంతకం పెట్టారు, నువ్వూ పెట్టావు. నీకు దోరా అని బల్గేరియన్ పేరు పెట్టి పిలిచారు, పలికావు. నన్ను బెదిరించొద్దు. అన్నని బెదిరించే చెల్లెలు మన వంశంలో లేదు.

వచ్చే ఏడాది మే ఆరున హాలుని మ్యూజియంగా ప్రారంభిస్తున్నాం. అంకారా నుంచి మంత్రి వస్తున్నాడు. కత్తి గురించి చెప్పాల్సింది నేనే. నువ్వు చెడగొట్టకు.

మెస్తాన్

కాయాబునార్,
20 ఆగస్టు 1993.

అన్నయ్యకి,

రెండు నెలలు కావాలనే రాయలేదు. రాస్తే ఏం రాస్తానో అని నాకే భయం వేసింది. పొగాకు కోతలు కూడా అడ్డం పడ్డాయి. చేతులు నల్లగా, జిగురుగా ఉన్నాయి, కాగితానికి మరకలంటితే ఏమనుకోకు.

పేపరు ఏదని అడిగావు. అట్టపెట్టెలోంచి తీసి ఎదురుగా పెట్టుకున్నాను. జిల్లా పేపరు, మూడో పేజీ, రాసినవాడి పేరు లేదు. "లాచిన్ ఎవరు?" అని శీర్షిక. లాచిన్ టర్కు కాదట. చిన్నప్పుడు సైన్యం ఎత్తుకుపోయిన బల్గేరియన్ బిడ్డట, అసలు పేరు సోకోల్ అట. మన పేర్లు మార్చడం అయిపోయాక ఆరువందల ఏళ్ళ కింద చచ్చినవాడి పేరు కూడా మార్చారు. దానికి రుజువేమిటో నీకు గుర్తుందా? "ఇతడు ఎన్నడూ కుడిచేత్తో తిన్నవాడు కాదు, తాగినవాడు కాదు. ముస్లిముల ఆచారాన్ని మనసులో తిరస్కరించాడనడానికి ఇంతకన్నా ఏం కావాలి?"

ఎడమ చెయ్యి సంగతి ఊళ్ళో ఎవరికీ తెలియదు అన్నయ్యా. జనం తప్పుపడతారని నాన్న బయట చెప్పేవాడు కాదు. మనిద్దర్నీ సమాధి దగ్గర కూర్చోబెట్టి ఒక్కసారి చెప్పాడు. నీకు పంతొమ్మిది, నాకు పద్నాలుగు. "కుడిచెయ్యి చాలామందిని చంపిందని గాజీ ఆ చేత్తో ఇంక అన్నం ముట్టలేదు. మూడు ఊళ్ళు తగలబెట్టినవాడు రా, మర్చిపోకండి. మర్చిపోకూడదనే ఆయన ఆ పని చేశాడు" అన్నాడు. ఆ సిగ్గుని నువ్వు తిరగేసి వాళ్ళకి ఇచ్చావు.

నాన్న పేరు మార్చుకోనన్నాడని ద్వీపం మీది శిబిరంలో పెట్టారు కదా. అక్కడ ఆ పేపరుని మైకులో చదివి వినిపించారు. ఇంటికొచ్చాక నాన్న నన్ను ఒక్కటే అడిగాడు. "ఎడమ చెయ్యి సంగతి వాళ్ళకెలా తెలిసిందే?"

"ఏమో నాన్నా" అన్నాను. నీకోసం నాన్నతో ఆడిన అబద్ధం అది.

అప్పుడు ఆయన్ని బల్గేరియన్ని చేశావు, ఇప్పుడు ఊచకోత వీరుణ్ణి చేశావు. అప్పుడు వాళ్ళకి ఏం కావాలో అది రాశావు, ఇప్పుడు వీళ్ళకి ఏం కావాలో అది రాస్తున్నావు. చచ్చినవాడు తిరగబడి అడగలేడని కదా నీ ధైర్యం? నేను బతికే ఉన్నాను, నేను అడుగుతాను.

దుర్దానె

బుర్సా,
17 అక్టోబరు 1993.

చెల్లీ,

నేనే రాశాను.

ఎనిమిదేళ్ళలో ఈ రెండు మాటలు ఎవరితోనూ అనలేదు, మీ వదినతో కూడా. పోలీసు ఆఫీసరు ఒకడు నన్ను స్కూల్లోనే పిలిపించాడు. బల్ల మీద నాన్న ఫోటో పెట్టాడు. చెంపలు లోపలికి పోయి ఉన్నాయి. "చరిత్ర మాస్టారివి, నీకు తెలిసింది రాసిపెట్టు, మీ నాన్న నెలలో ఇంటికొస్తాడు" అన్నాడు. ఏమీ తెలియదన్నాను. ఫోటోని నా వైపు జరిపాడు. రాశాను. మార్చిలో నాన్న ఇంటికొచ్చాడు. వాళ్ళు మాట నిలబెట్టుకున్నారు, అదే నన్ను ఇప్పటికీ కాలుస్తుంది. మాట తప్పి ఉంటే వాళ్ళనైనా తిట్టుకునేవాణ్ణి.

నువ్వయితే ఏం చేసేదానివి? చెప్పు. నాన్నని అక్కడే ఉండనిచ్చేదానివా?

కత్తి సంగతి కూడా విను. ఊరంతా బండ్లెక్కుతున్న రోజు, మధ్యాహ్నం పూట, సీలు తీగ తెంపి లోపలికెళ్ళాను, వస్తూ దాన్ని మళ్ళీ మెలితిప్పాను. గాజీ కోసం కాదు. నాన్న చెక్కిన వస్తువు ఒక్కటైనా వెంట ఉండాలనిపించింది. బుర్సాలో మొదటి ఏడాది నా మంచం పక్కన గోడకి ఉండేది. సంఘంవాళ్ళు ఇంటికొచ్చినప్పుడు ఒకాయన "ఏంటిది మాస్టారూ?" అన్నాడు. మా నాన్నది అనబోయి, లాచిన్ గాజీది అన్నాను. ఎందుకన్నానో నాకే తెలియదు. గేటు దగ్గర రోజంతా డ్రైవర్ల చేత మాటలు పడి వచ్చాను ఆ రోజు. వాళ్ళు అక్కడికక్కడే లేచి నిలబడ్డారు. ఆ తర్వాత కాదని ఎలా చెప్పను? యూనివర్సిటీ ఆయన కూడా పది నిమిషాలు చూసి, టీ తాగి, మాకు కావాల్సింది రాసిచ్చి వెళ్ళిపోయాడు.

నాన్న ఇదేదీ తెలియకుండానే పోయాడన్నది ఒక్కటే నాకు మిగిలిన ఊరట. నన్ను ఇంతటితో వదిలెయ్యి.

మెస్తాన్

కాయాబునార్,
6 ఫిబ్రవరి 1994.

అన్నయ్యకి,

నిన్ను వదిలేద్దామనే అనుకున్నాను. చలికాలమంతా పొయ్యి దగ్గర కూర్చుని నీ ఉత్తరాన్ని అందులో వేద్దామా వద్దా అని చూశాను. నేనయితే ఏం చేసేదాన్నని అడిగావు. బహుశా నేనూ రాసేదాన్నేమో. అయినా నీ మీద కోపం తగ్గలేదు. ఫోటో చూసి రాసినవాణ్ణి క్షమిస్తాను. ఎవరూ ఫోటో చూపించకుండానే పదకొండో పేజీ రాసినవాణ్ణి ఎలా క్షమించను?

కానీ నీ ఊరట అబద్ధం. నాన్నకి తెలుసు.

1986 డిసెంబరులో, దగ్గుతో నిలబడలేని రోజుల్లో, కిజిల్ కొమ్మ తెమ్మన్నాడు. దర్గాకి సీలుంది, కత్తి ఎందుకు నాన్నా అంటే వినలేదు. పదిహేను రోజులు చెక్కాడు. అయిపోయాక అన్నాడు, "ఎడమ చెయ్యి సంగతి నేను ఇద్దరికే చెప్పానే. నువ్వు కాదు. ఇంక వెతకాల్సిన పని లేదు."

నేను కింద పడ్డ చెక్కపొట్టు ఏరసాగాను.

"తలుపు తెరిచిన రోజు పాత కత్తిని వాడి చేత్తోనే పొయ్యిలో పెట్టించు. వాడు పెట్టాకే ఇది తగిలించు" అన్నాడు.

"వాడేనా? నిన్ను కనిపెట్టుకుని ఉన్నది నేను. నేను పెట్టకూడదా?" అని అరిచాను. చావబోయే మనిషి మీద అరిచాను.

"నీకు కాల్చుకోవాల్సింది ఏముందే?" అన్నాడు. అంతే, అటు తిరిగి పడుకున్నాడు.

ఆ మాట నీకు ఏడేళ్ళు చెప్పలేదు. పోయినేడు కత్తి పంపు అని రాశానే గానీ, నువ్వు రా అని ఒక్కసారి కూడా రాయలేదు, గమనించావా? నాన్న చివరి కోరిక నీ పేరు మీద ఉందని నాకు కుళ్ళు. తప్పు చేసింది నువ్వు, పిలుపు నీకు! ఆ కత్తి గోధుమపిండి డబ్బాలో, పిండి అడుగున ఉంది. ఎవరికీ చూపించలేదు. అప్పుడప్పుడూ తీసి చూసుకుని మళ్ళీ పెడుతుంటాను.

ఇప్పుడు చెప్పేశాను. కత్తి తీసుకుని నువ్వే రా.

దుర్దానె

ఎదిర్నె,
28 ఏప్రిల్ 1994.

చెల్లీ,

ఎడమ చేత్తో రాస్తున్నాను, అక్షరాలు వంకరగా ఉంటాయి.

నీ ఉత్తరాన్ని రోజూ మిల్లు గేటు దగ్గరికి పట్టుకెళ్ళి మళ్ళీ మళ్ళీ చదివాను. పోయిన ఆదివారం సంఘం సమావేశంలో లేచి నిజం చెప్పాను. కత్తి సంగతీ, పేపరు సంగతీ, రెండూ. కొట్టినంత పని చేశారు. "నువ్వు ద్రోహివి, సరే. కత్తి మాత్రం మాది" అన్నారు. కర్ర కత్తి రా బాబూ, పదేళ్ళది అంటే ప్రెసిడెంటు ఏమన్నాడో తెలుసా? "అబద్ధమైనా ఇప్పుడు అది మా అబద్ధం మాస్టారూ, ముట్టుకోకు" అన్నాడు. నేర్పినవాణ్ణి నేనే కదా. మర్నాడు మధ్యాహ్నం వెళ్ళి అద్దం పగలగొట్టి తీసుకున్నాను. కుడి అరచెయ్యి తెగింది. ఏడు కుట్లు పడ్డాయి. అప్పట్నుంచీ ఎడమ చేత్తోనే తింటున్నాను. నాన్న గుర్తొస్తున్నాడు.

బస్సులో ఎదిర్నె దగ్గర సరిహద్దు దాకా వచ్చాను. అక్కడ దింపేశారు. సంఘం ముందే ఫోను చేసింది. ఆఫీసరు నా సంచిలోంచి కత్తినీ, మా పుస్తకాన్నీ పక్కపక్కన పెట్టాడు.

"ఆరువందల ఏళ్ళ వస్తువుని దేశం దాటిస్తున్నావా?"

"కాదండీ, 1984లో మా నాన్న చెక్కాడు."

"మరి ఈ పుస్తకం రాసింది ఎవరు?"

"నేనే."

"అప్పుడు అబద్ధం ఆడావా, ఇప్పుడు ఆడుతున్నావా?"

పుస్తకం చివర యూనివర్సిటీ ఆయన సంతకం కూడా ఉంది. నాన్న గంటు చూపించాను, పొగాకు పొడి సంగతి చెప్పాను. నవ్వాడు. కత్తిని జాగ్రత్తగా దూదిలో చుట్టి నిపుణులకి పంపుతారట, నెలలు పడుతుందట. దర్యాప్తు అయ్యేదాకా నేను దేశం దాటకూడదట. అబద్ధాన్ని ఒక్క క్షణంలో నమ్మారు, నిజానికి మాత్రం రుజువులు అడుగుతున్నారు. బల్ల మీద గుద్ది అరిచాను కూడా. కుట్లు విడిపోవడం తప్ప ఏమీ కాలేదు.

ఈ మే ఆరుకి కూడా నీకు పొయ్యి లేదు. తప్పు నాదే. పెనా అవ్వకి ఏం చెబుతావో చెప్పు.

మెస్తాన్

కాయాబునార్,
8 మే 1994.

మెస్తాన్ అన్నయ్యకి,

సలాం. ఈసారి మనస్ఫూర్తిగానే.

నీ ఉత్తరం అయిదో తారీకున వచ్చింది. చదివి ముందు నిన్ను తిట్టాను, తర్వాత ఆ ఆఫీసర్ని, ఆ ప్రెసిడెంటుని, టీ తాగి సంతకం పెట్టిపోయినవాణ్ణి తిట్టాను. తిట్టడానికి ఇంకెవరూ మిగల్లేదు. అప్పుడు పిండి డబ్బా మూత తీశాను.

నాన్న కత్తి బయటికి తీసి గుడ్డతో తుడిచాను. ఎంత నునుపుగా ఉందో! చివరి రోజుల్లో చేతులు వణుకుతూ కూడా ఒక్క గంటు పడనివ్వలేదు. తుడుస్తూ తుడుస్తూ ఆగిపోయాను. ఏడేళ్ళుగా నేను చేస్తున్నది ఏమిటి? నీది అద్దాల పెట్టె, నాది పిండి డబ్బా. నా దగ్గర మఖమలు గుడ్డ ఒక్కటే తక్కువ. నీకు కాల్చుకోవాల్సింది ఏముందే అన్నాడు నాన్న. ఉంది నాన్నా, నువ్వు చూడలేదు.

ఆరో తారీకు పొద్దున నేనే కింది పేటకి వెళ్ళాను. పెనా అవ్వ తలుపు తీసి, గుమ్మంలోనే నిలబడింది.

"మళ్ళీ ఏం చదివి వినిపిస్తావే?" అంది.

"ఏమీ చదవను. మా అన్న రాసింది అబద్ధమని చెప్పడానికొచ్చాను. వాడే ఒప్పుకున్నాడు, అందరి ముందూ."

"కత్తి?"

"పోలీసుల దగ్గరుంది. దాన్ని వాళ్ళనే దాచుకోనీ. ఇంకోటి ఉంది."

"పాతదేనా?"

"ఏడేళ్ళది."

అవ్వ నన్ను పైనుంచి కింది దాకా చూసింది. "ఏడేళ్ళు దాచావా? నువ్వూ మీ అన్నకి చెల్లెలివే!" అంది. ఒప్పుకున్నాను. ఈ ఏడాది గుండిగ రుద్దలేదట, కోపంతో. ఇద్దరం కూర్చుని బూడిదతో రుద్దాం, మధ్యాహ్నమయింది.

నాన్న కత్తిని మోకాలి మీద పెట్టి విరిచాను. మొదటిసారి విరగలేదు. రెండోసారి విరిగినప్పుడు నోరు పెట్టి ఏడ్చాను. ఎండిన కర్ర కదా, పొయ్యిలో పెట్టగానే భగ్గుమంది. పదేళ్ళ తర్వాత దర్గా ముందు గుండిగ ఉడికింది. పోయినేడు ఉమ్మిన కుర్రాళ్ళిద్దరి చేతా గోధుమలు కలిపించాను, చేతులు నొప్పులు పుట్టేదాకా. గిన్నె పట్టుకుని నేను ఎడమ చేత్తో తిన్నాను. సెవ్దియె చూసి "అదేంటే, తప్పు కదూ?" అంది. ఎందుకో చెప్పాను. ఎడమ చెయ్యి సంగతీ, తగలబెట్టిన ఊళ్ళ సంగతీ అందరికీ వినబడేలా చెప్పాను. ఎవరూ తప్పుపట్టలేదు.

తర్వాత కొత్తది తగిలించాలి కదా. నేనే చెక్కాను, ఒక్క పూటలో. పెనా అవ్వ చూసి "కత్తా అప్పడాల కర్రా?" అంది. ఆ మేకుకే తగిలించాను. వంకరగా ఉంది, గంట్లు లెక్కలేనన్ని. ఎవడూ దీన్ని అద్దాల పెట్టెలో పెట్టడులే.

నా కోపం తీరిందనుకోకు. పేపరు ఇంకా నా దగ్గరే ఉంది. దాన్ని కాల్చడం నా పని కాదు, అందుకే ఆపాను. వాళ్ళు నిన్ను వదిలిన రోజున బయల్దేరు. వచ్చే మే ఆరున ఈ కత్తినీ ఆ పేపరునీ నీ చేత్తో పొయ్యిలో పెడుదువుగాని. కుడిచెయ్యి మానకపోతే ఎడమ చేత్తోనే పెట్టు.

నీ చెల్లెలు,
దుర్దానె